పేరు తెలియదట

అద్దాల పెట్టెలో ఉన్న ఆ ఫొటో కింద
చీటీ కాస్త చదివిపెట్టు, అమ్మాయీ,
నా కళ్లజోడు బస్సులో పోయింది.

"మొదటి ఊరేగింపు, ఎడమ నుంచి కుడికి..."
అబ్బో, మాస్కులేసుకున్న వాళ్లందరి పేర్లూ రాశారే!
ఒకాయన ఇప్పుడు జడ్జిగారు కదూ.
చివర్న?
"బ్యానరు పట్టుకున్న వ్యక్తి. పేరు తెలియదు."

తెలియదట!
బ్వేనోస్ ఐరెస్‌లో ఆవిడ పేరు తెలియని ఠాణా లేదు.
గుమ్మంలో చూడగానే గుమాస్తా రిజిస్టరు తెరిచి
అడక్కుండానే రాసుకునేవాడు
అమ్మానాన్నలు పెట్టిన మగపేరు.
అదీ తప్పులతో.

సొరైదా.
సాల్తా నుంచి ఉప్పుబస్తాల లారీ మీద వచ్చింది.
ఆ పేరు తనే పెట్టుకుంది,
ఒక సబ్బు డబ్బా మీద చూసి.
నా పేరూ తను పెట్టిందే.
ఉయ్యాల లేదు, పేరంటం లేదు,
లాకప్పులో కుళాయి కింద నా తల తడిపి
"ఇవాళ్టి నుంచి నువ్వు ఎదెల్మా" అంది.
నాతోపాటు ఓ జేబుదొంగ చప్పట్లు కొట్టాడు.

ఆడబట్టలు కట్టినందుకు ఇరవై ఒక్క రోజులు.
విడిచిపెట్టాక రొట్టె కొనుక్కుందామని వీధి దాటితే
మళ్లీ ఇరవై ఒకటి.
గుండు గీసి పంపేవాళ్లు.
"పోలీసోడికి కొడవలి తెలుసు, వేరు తెలీదు"
అనేది, నెత్తిన రుమాలు చుట్టుకుంటూ.

ఇవాళ కుర్రాళ్లు టీవీలో గారంగా పలికే మాటలు
సగం ఆ గోడల మీద మేం గోళ్లతో చెక్కినవే.
పోనీలే, మాటలకి అద్దె అడుగుతామా.

సరే, ఊరేగింపు.
కుట్టుమిషను కోసం వచ్చారు మా గదికి,
గుమాస్తాలు, పంతుళ్లు, ఇద్దరు లాయర్లు,
మంచి బూట్లు, వణుకుతున్న చేతులు.
బ్యానరు కుట్టాలి, మాస్కులు కత్తిరించాలి.
టీవీలో అమ్మలు చూస్తారు, ఉద్యోగాలు పోతాయి.
చెప్పుల అట్టపెట్టెలు కోసి
తెల్లారేలోగా అరవై మొహాలు చేసింది సొరైదా.
కళ్లకి కన్నాలు పెడుతూ ఒక్కొక్కరి కొలతా అడిగింది.

పొద్దున వాళ్లలో ఒకడు, పాపం మంచివాడే,
గొంతు సవరించుకుని,
"మీరంతా కాస్త వెనక నడిస్తే బాగుంటుంది,
జనం మమ్మల్ని అపార్థం చేసుకుంటారు" అన్నాడు.

సొరైదా దారం కొరికింది.
"నడుస్తాం, నాయనా.
బ్యానరు కూడా వెనకే వస్తుంది.
అది నా దుప్పటి."

జులై చలి. నోట మాటకి ముందు ఆవిరి.
మేమే ముందు నడిచాం.
ఒక మాస్కు మిగిలితే తన చేతికిచ్చారు.
తిప్పి చూసి, వెనక్కిచ్చేసింది.
"మూడు వైపులనుంచీ తీసి ఠాణాలో పెట్టుకున్నారు నా మొహాన్ని.
ఇంక ఎవరికి చాటెయ్యను?"

వాళ్లని తప్పుపట్టను.
పోగొట్టుకోడానికి ఏదో ఒకటి ఉన్నవాళ్లకి
భయం కూడా ఒక ఆస్తే.
కానీ, అమ్మాయీ, దగ్గరికొచ్చి చూడు,
ఈ ఫొటో మొత్తంలో మొహం ఉన్నది
తనొక్కతికే.

పెళ్లి చట్టం వచ్చిన రాత్రి
ఆ జడ్జిగారు నన్ను కావలించుకుని ఏడ్చాడు.
నేనూ ఏడ్చాను, నిజంగా సంతోషమే.
సొరైదా పోయి అప్పటికి తొమ్మిదేళ్లు.
ఆసుపత్రిలో, మగవాళ్ల వార్డులో,
మంచానికి వేలాడే అట్టమీద ఆ రిజిస్టరు పేరే.
నాకిప్పుడు డెబ్బై ఒకటి. మాలో ఇన్నేళ్లంటే
ఎవరి దగ్గరో కొట్టేసినట్టే.

నా సంచీ పట్టుకో.
అడుగున కనుబొమల పెన్సిల్ ఉంటుంది, తియ్యి.
కాపలావాడు అటు తిరిగాడా?
ఈ మేకు వదులుగానే ఉంది, అద్దం జరుగుతుంది.

సబ్బు డబ్బా మీద ఉన్నట్టు రాయను,
తను రాసుకున్నట్టే రాస్తా,
మొదటి అక్షరమే తప్పు.
ఆ తప్పు తనది.
రేపు ఎవరొచ్చి అడిగినా
దిద్దనివ్వకు.